చెవి వెనక బిళ్ళ

మా యంత్రం చదివిన మొదటి మనిషి మా అమ్మ. ఆ పని ఆమెతో మొదలుపెట్టాలని నేనెప్పుడూ అనుకోలేదు. ఆ రోజు రావలసింది ఓడరేవులో క్రేను నడిపే ఒకాయన. ఆయన వచ్చాడు, కూర్చున్నాడు, తీరా సూది చూసి మనసు మార్చుకుని వెళ్ళిపోయాడు. నిధులిచ్చే సంస్థ తరఫున డాక్టర్ పరాంకుశం అప్పటికే తన మనుషులతో వచ్చి ఎదురుచూస్తున్నారు. సరిగ్గా అప్పుడే అమ్మ నా క్యారియర్ పట్టుకుని ల్యాబులోకి వచ్చింది.

"కుర్చీ ఖాళీగానే ఉందిగా. నాకు వెయ్యి," అంది.

అమ్మ పేరు మాణిక్యాంబ. డెబ్భై రెండేళ్ళు. ముప్పై ఆరేళ్ళు హైస్కూళ్ళలో లెక్కలు చెప్పి రిటైరైంది. నాన్న పోయాక విశాఖలో నా దగ్గరే ఉంటోంది. సాయంత్రాలు మా వీధి పిల్లల్ని వరండాలో కూర్చోబెట్టి లెక్కలు చేయిస్తుంది. ఆమె ముందు పెద్ద పెద్ద ఆఫీసర్లు కూడా వెనక బెంచీ పిల్లల్లా సర్దుకు కూర్చుంటారు.

అంగీకార పత్రం చేతికిస్తే ఎర్ర పెన్ను అడిగింది. రెండు చోట్ల అక్షరదోషాలు దిద్దింది. మూడో పేరా కింద గీత గీసి, "ఇది రాసినవాడికైనా అర్థమైందా?" అంది.

ఆ పత్రం రాసింది గౌరునాయుడు. శ్రీకాకుళం వైపు మనిషి, ఇంజనీరు. ఆరేళ్ళుగా నాతో కలిసి ఈ యంత్రాన్ని తయారుచేశాడు. "ఏటండి టీచరమ్మగారూ, అందరి ముందూ పరువు తీసేస్తారా," అని నవ్వాడు.

నేను అమ్మ కుడిచెవి వెనక, గట్టిగా తగిలే ఎముక మీద వేలు పెట్టాను. "చెవి చుట్టూ చిన్న చిన్న శోషరస గ్రంథులుంటాయమ్మా. ముందు కొన్ని, కింద కొన్ని. వెనక ఈ ఎముక మీద రెండో మూడో ఉంటాయి. బియ్యపు గింజంత."

"చిన్నప్పుడు తలలో సెగ్గడ్డ లేస్తే చెవి వెనక బిళ్ళ కట్టేది. అదేనా?"

"అదే. క్రిమి లోపలికి రాగానే ఆపేది ఈ బిళ్ళలే. ఆపాక దాని ముఖం మరిచిపోవు. గుర్తుపట్టే కణాలు కొన్ని ఒళ్ళంతా తిరుగుతూ ఇక్కడా వచ్చి ఆగుతాయి. చర్మానికి బాగా దగ్గర కాబట్టి మేం ఇక్కడ నుంచి ఒక్క చుక్క తీసి చదువుతాం. టీకాల కాగితాలు పోగొట్టుకున్నవాళ్ళుంటారు, అసలు లేనివాళ్ళుంటారు. వాళ్ళకు ఏ టీకా కావాలో, ఏది అక్కర్లేదో తెలిసిపోతుంది."

"ఏది ఎప్పుడొచ్చిందో కూడా తెలుస్తుందా?"

"రెండేళ్ళు అటూ ఇటూగా."

అమ్మ ఎర్ర పెన్నుకు మూత పెట్టింది, మళ్ళీ తీసింది. "వచ్చినవేగా కనిపించేది?"

"ఆఁ, వచ్చినవే," అన్నాను. పరాంకుశం గారు గడియారం చూసుకుంటున్నారు. నేను తొందరలో ఉన్నాను. ఆ జవాబు పూర్తిగా నిజం కాదని నాకు తెలుసు, కానీ ఆ క్షణంలో దాన్ని సరిచెయ్యాలని తోచలేదు. అమ్మ సంతకం పెట్టింది.

గోడ మీది తెర మీద ఒక్కో వరుసా పడడం మొదలైంది. తట్టు, నాలుగో ఏడు. గవదబిళ్ళలు, తొమ్మిదో ఏడు.

"తొమ్మిదే!" అంది అమ్మ ముచ్చటగా. "రెండు చెవుల కిందా బూరెల్లా వాచాయి. బడికి పంపలేదని ఏడ్చాను."

అందరూ చప్పట్లు కొట్టారు. టైఫాయిడ్, ఇరవై ఒకటో ఏడు. దానికీ తలూపింది. ఆరేళ్ళ కష్టం ఫలించిందని గౌరునాయుడు నా వైపు చూసి కళ్ళు ఎగరేశాడు. ఆ తరువాతి వరుసను పరాంకుశం గారే పైకి చదివారు.

"కుష్ఠు క్రిమి. పుట్టుక నుంచి పదహారో ఏడు దాకా. వ్యాధి రాలేదు. దగ్గరి మనుషుల నుంచి ఎడతెగకుండా సోకింది." ఆయన కుర్చీలోంచి లేచారు. "అంటే ఇంట్లోనే రోగులున్నట్టు. ఒకరు కాదు, ఇద్దరు కావచ్చు. వ్యాధి రాకపోయినా పట్టేసింది! అద్భుతం హైమవతి గారూ, అద్భుతం!"

గదిలో ఎనిమిదిమందిమి ఉన్నాం. ఎనిమిది మందిమీ అమ్మ వైపు చూశాం. అమ్మ కళ్ళజోడు తీసి పెట్టెలో పెట్టుకుంది. చెవి వెనక దూది అదిమి పట్టుకుని లేచింది.

"చల్లారకముందే తిను," అని నాతో చెప్పి, మామూలు నడకతోనే బయటికి వెళ్ళిపోయింది.

గౌరునాయుడు అదే చుక్కను మూడుసార్లు మళ్ళీ చదివించాడు. నేను పక్కనే నిలబడ్డాను. మూడుసార్లూ అదే వచ్చింది.

"తప్పు లేదండి మేడమ్," అన్నాడు నెమ్మదిగా. "ఉంటే బాగుణ్ణని నాకూ ఉంది."

అమ్మమ్మా తాతయ్యా అమ్మ పసితనంలోనే పోయారనీ, ఆమెను రాజమండ్రిలో ఒక పిన్ని పెంచిందనీ మాకు తెలిసిన కథ. ఆ పిన్ని ఫోటో కూడా మా ఇంట్లో లేదు. ఎందుకు లేదని నేనెప్పుడూ అడగలేదు. మనుషుల ఒంట్లో దాగినవాటిని వెతకడమే వృత్తిగా పెట్టుకున్న నేను, మా ఇంటి గోడ మీద లేని ఫోటో గురించి ఆలోచించలేదు.

ఇంటికి వెళ్ళేసరికి అమ్మ పీట వేసుకుని బీరకాయలు చెక్కు తీస్తోంది. ఎదురుగా కూర్చున్నాను.

"అమ్మా, మిషను పొరబడింది. క్షయకు వేసే టీకా ఆనవాలు, ఆ క్రిమి ఆనవాలు దగ్గర దగ్గరగా ఉంటాయి. రేపు అందరికీ చెప్పేస్తాను."

ఆ అబద్ధం ఆమె కోసమే తయారుచేసుకుని వెళ్ళాను. ఒక్కసారి ఊఁ అంటే చాలు, అక్కడితో ముగిసిపోయేది.

కత్తిపీట మీద అమ్మ చేతులు ఆగాయి. "సరిగ్గా చేసిన లెక్కకు సున్నా వేస్తావా?"

నేను ఒక బీరకాయ చేతిలోకి తీసుకున్నాను.

"నీ మిషను సరిగ్గానే చెప్పింది. నాకు ఆ జబ్బు రాలేదు కదా, కనిపించదనుకున్నాను. వచ్చినవే కనిపిస్తాయన్నావు. అక్కడ నేను మోసపోయాను."

"అది నా తప్పమ్మా."

"అవును, నీదే," అంది. కోపంగా అనలేదు. తప్పు ఎవరిదో సరిగ్గా రాసిపెట్టాలన్నట్టు అంది. తరువాత బీరకాయ ముక్కలు తరుగుతూనే చెప్పింది.

సముద్రం ఒడ్డున సరుగుడుతోట అని ఒక కాలనీ. ముందు మిషన్ ఆసుపత్రి, వెనక రెండు వరుసల ఇళ్ళు. వాళ్ళ నాన్న అక్కడికి రోగిగా వచ్చాడు, వాళ్ళ అమ్మా రోగిగానే వచ్చింది, అక్కడే పెళ్ళి చేసుకున్నారు. వాళ్ళ నాన్న స్పర్శ పోయిన పాదాలకు మెత్తటి చెప్పులు కుట్టేవాడు. ప్రతి సోమవారం డాక్టరు పిల్లలందర్నీ వరుసగా నిలబెట్టి, చెవుల కిందా మెడ పక్కనా వేళ్ళతో తడిమి చూసేవాడు. అక్కడ నరం లావెక్కితే జబ్బు మొదలైనట్టు. అమ్మకు పదహారేళ్ళు వచ్చేదాకా ఎప్పుడూ లావెక్కలేదు.

"డాక్టరు నా చెవి కింద వేలు పెట్టగానే మా అమ్మ ఊపిరి బిగబట్టేది. వరండాలో ఉన్నా నాకు తెలిసేది. 'ఏమీ లేదు' అనగానే వదిలేది. ప్రతి సోమవారం."

పదహారో ఏట ఆసుపత్రి పెద్దావిడ టీచర్ ట్రైనింగుకు వేరే జిల్లాకు పంపింది. పంపేటప్పుడు ఆవిడ ఒకే మాట చెప్పింది: ఎవరైనా అడిగితే పిన్ని పెంచిందని చెప్పు. అమ్మ అలాగే చెప్పింది. నాన్నకూ అదే చెప్పింది. నాన్న ఆ పిన్ని కథనే నమ్ముతూ పోయాడు.

"మరి అమ్మమ్మ?"

"నాకు ముప్పై నాలుగో ఏట పోయింది. నీకప్పుడు ఆరేళ్ళు. పనిచేసే స్కూలు అడ్రసుకు కార్డు వచ్చింది. స్టాఫ్ రూములో చదివాను. మూడో పీరియడు గంట కొట్టారు. వెళ్ళి పదో తరగతి పిల్లలకు త్రికోణమితి చెప్పాను." అమ్మ ముక్కలన్నీ గిన్నెలోకి తోసింది. "బాగానే చెప్పాను. ఆ సంవత్సరం ఆ పాఠంలో ఒక్కరూ తప్పలేదు."

ఆమె మోకాలి మీద చెయ్యి వేశాను. అమ్మ ఆ చేతిని కాసేపు ఉండనిచ్చి, "కూర పొయ్యి మీద పెట్టాలి, లే," అంది.

ల్యాబులో జరిగింది ఎవరి నోటి నుంచి బయటికి పోయిందో ఇప్పటికీ తెలియదు. వారం తిరక్కుండానే మా వీధికి వచ్చింది. మా వరండాలోకి పద్నాలుగు మంది పిల్లలు వచ్చేవారు. ఆ సోమవారం తొమ్మిది మంది వచ్చారు. బుధవారానికి అయిదుగురు. పై వాటాలో ఉండే ఆవిడ మెట్ల దగ్గర నన్నాపి, "ఏమనుకోకండి, చిన్నపిల్లలు కదా" అని చాలాసేపు నసిగింది. అది అంటుకునే అవకాశం ఎంతమాత్రం లేదనీ, అమ్మకు జబ్బే లేదనీ, ఉన్నవాళ్ళకు కూడా దశాబ్దాలుగా మాత్రలతో నయమవుతోందనీ చెప్పాను. ఆవిడ అన్నిటికీ తలూపింది. పిల్లను మాత్రం పంపలేదు.

అమ్మ ఆ అయిదుగురికీ పద్నాలుగు మందికి చెప్పినట్టే గొంతెత్తి చెప్పింది.

పరాంకుశం గారు మాత్రం రోజూ ఫోను చేసేవారు. ఆయన చెడ్డవాడు కాదు. మా పని మీద ఎవరికీ నమ్మకం లేని రోజుల్లో నమ్మినవాడు. కానీ ఆ రోజు తెర మీద చూసిన వరుసను ఆయన మరిచిపోలేకపోతున్నారు.

"టీకాలు చిన్న విషయం హైమవతి గారూ. ఉద్యోగంలో చేరేవాడికి, హాస్టల్లో చేరే అమ్మాయికి, బీమా తీసుకునేవాడికి ఒక్క సూది చాలు. మనిషి అబద్ధం చెప్పవచ్చు, గ్రంథి చెప్పదు. ఈ నెల ఇరవై ఆరున అనుమతి కమిటీ. పూర్తి పళ్ళెంతోనే చూపిద్దాం."

పళ్ళెం అంటే మా యంత్రంలో పెట్టే గాజు పలక. అరచేయంత ఉంటుంది. దాని మీద నాలుగు వందల పన్నెండు గుంటలు, ఒక్కో గుంటలో ఒక్కో క్రిమి ఆనవాలు. మనిషి చుక్క ఆ గుంటలన్నిటి మీదా పాకుతుంది. ఏది గుర్తుపడితే అది వెలుగుతుంది. దాన్ని నేనే గీశాను. అన్ని గుంటలు పట్టించగలిగినందుకు ఒకప్పుడు ఎంత గర్వపడ్డానో నాకు గుర్తుంది.

"ఆలోచిస్తానండి," అన్నాను.

ఆ ఆదివారం పొద్దున్నే అమ్మ ఇస్త్రీ చీర కట్టుకుని హాల్లోకి వచ్చింది. "సరుగుడుతోట ఇంకా ఉందేమో చూడాలని ఉంది. కారు తియ్యి."

ఉంది. ఆసుపత్రి మూతపడింది కానీ వెనక ఇళ్ళు ఒక వరుస మిగిలాయి. పదిహేను మంది ముసలివాళ్ళు ఉంటున్నారు. అందరికీ జబ్బు ఎప్పుడో నయమైంది, వెళ్ళడానికి మాత్రం ఇల్లు లేదు. చెట్ల మధ్యనుంచి సముద్రం హోరు వినిపిస్తోంది. మొదటి ఇంటి అరుగు మీద ఒక ముసలామె చింతపండు గింజలు తీస్తోంది. సగం వేళ్ళు లేవు. అయినా గింజ తరువాత గింజ చకచకా రాలుతోంది.

ఆమె తలెత్తి అమ్మను ఎగాదిగా చూసింది.

"నువ్వు సెప్పులు కుట్టే రాములు కూతురివి కాదేటి?"

అమ్మ కాళ్ళు అక్కడే ఆగిపోయాయి. యాభై ఆరేళ్ళ తరువాత, ఒక్క చూపుకి. "సింహాచలమక్కా?" అంది.

"ఓలమ్మ, ఎంత ముసిలిదానివైపోనావే! రా, కూకో. ఈ గుంట నీ కూతురా?"

సింహాచలం అనే ఆ ముసలామెకు ఎనభై దాటాయి. అమ్మ కంటే పదేళ్ళు పెద్ద. మాకు నీళ్ళిచ్చింది. గ్లాసు అందిస్తూ నా మొహం వైపు చూసింది, తాగుతానో లేదో అని. తాగాను. అప్పుడు అమ్మ అడిగింది, చిన్నపిల్ల గొంతుతో.

"అమ్మ పోయినప్పుడు నేను రాలేదక్కా."

"తెల్దేటి? కార్డు రాయించినది నానే కదా. మీయమ్మ రాయొద్దంది. సచ్చేముందు నా సేత ఒట్టేయించుకోవాలని సూసింది. నాను ఎయ్యనేదు. సచ్చిపోనాక రాయించినాను."

"నా మీద కోపంగా ఉండేదా?"

ముసలామె చింతపండు పక్కన పెట్టింది. "కోపమేటే పిచ్చిదానా. పండగొస్తే గేటుకాడ నిలబడేది. సీకటి పడ్డాక వొచ్చి, 'రానేదు. అంటే బాగున్నట్టే' అని సంబరపడిపోయేది. నువ్వొస్తే బయపడేదేమో. ఎవులైనా సూసేస్తే నీ బతుకేటైపోద్దో అని."

అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నేను ఆమెను ఏడవగా చూడడం అదే మొదటిసారి. నాన్న పోయినప్పుడు కూడా మాకెవరికీ కనిపించకుండా ఏడ్చింది.

కాసేపటికి, ఏదో మాట్లాడాలి కాబట్టి, నా పని గురించి చెప్పాను. చెవి వెనక ఒక్క చుక్క తీస్తే మనిషికి ఏమేం వచ్చాయో చెప్పే యంత్రం చేశానని. సింహాచలమక్క పకపకా నవ్వింది.

"నా సెవి ఎనకాల ఏటున్నాదో నాకు తెల్దేటి? సూది దేనికి? నన్నడుగు, సెప్తాను, రాసుకో. సెప్పకూడనిది సెప్పను. అదీ నా ఇష్టమే కదా?"

తిరిగి వస్తూ కారులో ఆ మాటే తిప్పి తిప్పి అనుకున్నాను. మర్నాడు గౌరునాయుణ్ణి కూర్చోబెట్టాను.

"ఫలితాలకు తాళం వేద్దామండి మేడమ్. మనిషి ఒప్పుకుంటేనే తెర మీద పడేటట్టు," అన్నాడు.

"తాళం వేసినవాళ్ళే తియ్యగలరు. మన తరువాత ఈ మిషను ఎవరి చేతిలో ఉంటుందో? అసలు చదవకుండా ఉండాలి నాయుడూ. చదివి దాచడం కాదు."

అతను గాజు పలకను వెలుతురుకు పట్టి చాలాసేపు చూశాడు. "అయితే గుంటలు విడగొట్టీదాం. ఒక్కో గుంటా ఒక విడి గాజు బిళ్ళ. మనిషి ఏవి కావాలంటే అవే పళ్ళెంలో పెడతాం. పెట్టని దాని మీద చుక్క పడదు. ఆ చుక్కని కూడా మిషను అక్కడే కాల్చీస్తాది. ఇక మరి ఎవడు కొట్టుకున్నా రాదు." తల గోక్కున్నాడు. "కానీ మొత్తం మళ్ళీ చెయ్యాలండి. ఇరవై ఆరుకి చాలా తక్కువ రోజులున్నాయి."

"చేద్దాం," అన్నాను. చెయ్యగలమా అన్న అనుమానం నాకు లేదు. చేశాం. ఇరవై అయిదో తారీకు సాయంత్రానికి ముప్పై ఒక్క బిళ్ళలు తయారయ్యాయి. టీకాలున్న రోగాలవి ముందు చేశాం. అమ్మ ఫలితం చూపించిన కుష్ఠు బిళ్ళ కూడా అందులో ఉంది. దాన్ని తీసెయ్యనా అని గౌరునాయుడు అడిగితే, ఉంచమన్నాను. తెలుసుకోవాలనుకునేవాళ్ళు ఉంటారు. అడిగే హక్కు వాళ్ళది.

కమిటీలో అయిదుగురు సభ్యులు. అధ్యక్షురాలు వకుళ గారు, పెద్ద వయసు డాక్టరు. పరాంకుశం గారు పాత పళ్ళెం తెచ్చారు, నేను కొత్తది తెచ్చాను. అమ్మ కూడా వస్తానంది. ప్రయోగంలో పాల్గొన్న మనిషిగా ఆమెకు మాట్లాడే అవకాశం ఉంది.

పరాంకుశం గారు బాగా మాట్లాడారు. దాచినవాళ్ళ వల్ల రోగాలు పాకుతాయన్నారు, ముందే తెలిస్తే మందు ముందే ఇవ్వవచ్చన్నారు. ఇద్దరు సభ్యులు తలలూపారు. కొత్త పళ్ళెం చూపించి నేను చెప్పినదానికి ఒక సభ్యుడు, "అంటే చేతిలో ఉన్న శక్తిని మీరే తగ్గించుకున్నారు," అన్నాడు.

"అవునండి. తెలిసే తగ్గించాను," అన్నాను.

అప్పుడు అమ్మ లేచింది. బల్ల ముందుకు వెళ్ళి, క్లాసులో నిలబడ్డట్టే నిలబడింది.

"పెద్ద పళ్ళెం ఇక్కడే ఉంది. కుర్చీ ఉంది. నాకు వేసినట్టే, అందరూ చూస్తుండగా, ఈ గోడ మీద పడేటట్టు. మీలో ఎవరు కూర్చుంటారో చెయ్యెత్తండి."

ఎవరూ ఎత్తలేదు. ఒకాయన ముందున్న కాగితాలు సర్దుకున్నాడు. అంతలో పరాంకుశం గారు లేచారు.

"నేను కూర్చుంటానమ్మా. నాకు దాచుకునేదేమీ లేదు." నిజంగానే వెళ్ళి కుర్చీలో కూర్చుని, తల ఒక పక్కకు వంచారు. గౌరునాయుడు నా వైపు చూశాడు. నేను కదల్లేదు.

అమ్మ ఆయన దగ్గరికి వెళ్ళింది. "మీకు లేకపోవచ్చు బాబూ. మీ అమ్మగారికి? నాన్నగారికి?"

"వాళ్ళకేమిటి సంబంధం?"

"నా బిళ్ళ నా సంగతి చెప్పలేదు. నాకేం రాలేదు. మా అమ్మానాన్నల సంగతి చెప్పింది. వాళ్ళు ఏ కాగితం మీదా సంతకం పెట్టలేదు. మీ బిళ్ళలో మీ ఒక్కరే ఉన్నారని మీకు నమ్మకమేనా?"

పరాంకుశం గారు వంచిన తల ఎత్తారు. ఆయన ఏం తలుచుకున్నారో మాకెవరికీ తెలియదు. కాలరు సర్దుకుని లేచారు. తన కుర్చీ దగ్గరికి వెళ్ళి నీళ్ళు తాగారు. ఎవరూ ఆయన్ని ఏమీ అడగలేదు. అమ్మ కూడా అడగలేదు.

కొత్త పళ్ళేనికి అనుమతి వచ్చింది. పరాంకుశం గారి సంస్థ మాత్రం తప్పుకుంది. అలా అవుతుందని మాకు తెలుసు. ల్యాబులో పై అంతస్తు ఖాళీ చేశాం. అక్కడ పనిచేసే ఎనిమిది మందిమి ముగ్గురమయ్యాం. వెళ్ళిపోయినవాళ్ళలో ఇద్దరు నాతో మాట్లాడడం మానేశారు, వాళ్ళ కోపం న్యాయమైనదే. గౌరునాయుడికి మంచి ఉద్యోగం పిలుపొస్తే వెళ్ళలేదు. ఎందుకని అడిగితే, "సగంలో ఒగ్గీసి పోతే అమ్మగారు బెంచీ ఎక్కిస్తారండి," అన్నాడు. మా వరండాలోకి పిల్లలు మళ్ళీ వస్తున్నారు. పద్నాలుగు కాలేదు, ఎనిమిదయ్యారు. పై వాటా అమ్మాయి తల్లికి చెప్పకుండా వస్తే అమ్మ వెనక్కి పంపి, చెప్పి రమ్మంది. చెప్పి వచ్చింది.

మొదటి యంత్రాన్ని భీమిలి దగ్గర ఒక ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో పెట్టారు. బయట చేపల వేటకు వెళ్ళి వచ్చిన మనుషులు, పిల్లల తల్లులు వరుసలో ఉన్నారు. యంత్రం పని చేస్తోందో లేదో ముందు ఒకరి మీద చూడాలి. నేనే కూర్చున్నాను. అమ్మ పక్కన నిలబడింది.

నర్సు బిళ్ళల డబ్బా నా ముందు తెరిచి, మేం నేర్పినట్టే అడిగింది. "మీకు ఏమేం తెలుసుకోవాలని ఉందండి?"

తట్టు బిళ్ళ తీసి పళ్ళెంలో పెట్టాను. కామెర్లది పెట్టాను. మూడో బిళ్ళ ఏది తీస్తున్నానో అమ్మ చూసింది. దాన్నీ పళ్ళెంలో పెట్టాను.

సూది చురుక్కుమంది. చిన్న తెర నా వైపు మాత్రమే తిరిగి ఉంది. తట్టు, ఉంది. కామెర్లు, ఉంది. మూడోది, లేదు.

లేదనే వస్తుందని నాకు ముందే తెలుసు. చదువుకున్న డాక్టర్ని. నేను పుట్టాక అమ్మమ్మ బతికి ఉన్న ఆరేళ్ళలో ఆమె నన్ను ఒక్కసారీ ఎత్తుకోలేదు. ఆమె ఊపిరి నా మొహానికి ఎప్పుడూ తగల్లేదు. అమ్మ చెవి వెనక పదహారేళ్ళున్న మనిషి, నా చెవి వెనక ఒక్క క్షణం కూడా లేదు. ఇంత తెలిసీ ఆ రెండక్షరాలు చూడగానే నా కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి.

అమ్మ తెర వైపు చూడలేదు. నా మొహం చూసింది, అంతే. నా చెవి వెనక దూది తీసుకుని తనే అదిమి పట్టింది.

"తన పేరు చిట్టెమ్మ," అంది. "పొడుగు మనిషి. నీకు ఆ పొడుగు ఎక్కణ్ణుంచి వచ్చిందని మీ నాన్న ఎప్పుడూ ఆశ్చర్యపోయేవాడు. నవ్విందంటే ఆసుపత్రి గేటు దాకా వినిపించేది. డాక్టరు గారు విసుక్కునేవాడు. మునగాకు పప్పు చేస్తే..."

"కుర్చీ ఖాళీ చెయ్యండమ్మా, వెనకాల జనం ఉన్నారు," అంది నర్సు.

మేం లేచి బయట బెంచీ మీదికి వెళ్ళి కూర్చున్నాం. అమ్మ చెప్పడం ఆపలేదు.